కంప్యూటర్లో కట్టేసిన బర్రె

ఈ మధ్య ఆదోనిలో నేను టీ బంకు కాడికి పోతే చాలు, ఎవరో ఒకరు "నాగరాజన్నా, మీ బర్రె ఎట్లుంది?" అని అడుగుతాండారు. మాకు బర్రె ల్యాదు. మా నాయన కాలంలో గూడా ల్యాదు. మా ఇంట్లో పాలంటే ప్యాకెట్టే. వాళ్ళు అడిగే బర్రె ఉండేది మా కంప్యూటర్లో. దాన్ని తోలుకొచ్చి అందులో కట్టేసింది నేనే. మొన్న ఆదివారం అది నన్ను ఏ గతి పట్టించిందో మీకు చెప్పల్ల. టీ తాగుతా వినండి.

ముందు మా బావ సంగతి. మా ఆవిడ సరోజకు అన్న, పేరు శివన్న. ఎమ్మిగనూరులో చీరల అంగడి. మనిషి మంచోడు, మీసం ఇంకా మంచిది. కారు తోలేటప్పుడే ఆయనతో కష్టం. ఎమ్మిగనూరు నుంచి ఆదోనికి వస్తాంటే ఆటోలు దాటిపోతాయి, ట్రాక్టర్లు దాటిపోతాయి, గొర్రెల మంద గూడా కాసేపు చూసి పక్కనుంచి పోతాది. ఆయన మాత్రం స్టీరింగ్ రెండు చేతుల్తో పట్టుకుని "నిదానమప్పా, నిదానం" అని తనకు తానే చెప్పుకుంటాడు.

ఇంత నిదానమైన మనిషి ఆట కాడ కూర్చుంటే వేరే అవతారం. టీవీకి తగిలించి ఆడే గేమ్ పెట్టె ఉంటాది చూడండి, కన్సోల్ అంటారు, అట్లాంటి పాతది ఒకటి మేమిద్దరం కలిసి కొన్నాం. దాన్లో కార్ల రేసు. ఆదివారం ఆయన రావడం, ఉగ్గాని బజ్జీ తినడం, ఆయన ఎర్ర కారు, నేను నీలం కారు. ఇద్దరికీ తల నెరిసింది. అయినా ఓడిపోయినోడు ఆ పూట మజ్జిగ గూడా సరిగా తాగడు.

పోయిన ఎండాకాలం ఒక ఆదివారం మా బావ గీత దాటి గెలవబోతాండాడు. సరిగ్గా అప్పుడు నేను కాలు చాపినాను. కాలికి వైరు తగిలింది, ప్లగ్గు ఊడింది, టీవీ నల్లగా అయింది. గేమ్ పెట్టె లోపల టప్ మనింది. మళ్ళా అది లేవలే.

"కావాలనే పీకినావు," అన్నాడు మా బావ.

"అమ్మతోడు బావా, కాలు తిమ్మిరెక్కి చాపినాను."

"నేను గెలిచేటప్పుడే వస్తాదా నీకు తిమ్మిరి?"

చెప్పులేసుకుని పోయినాడు. అంతే. ఆ పొద్దు నుంచి మా గడప తొక్కలే. సరోజతో ఫోన్లో మాట్లాడతాడు. పొరపాటున నేనెత్తితే "రాంగ్ నంబర్" అని పెట్టేస్తాడు.

మరి నాకు మాత్రం కోపం రాదా? చెయ్యని తప్పుకు దొంగనైతిని. పైగా గేమ్ ల్యాక ఆదివారం పొద్దే పోవడం ల్యా. అప్పుడు మా పాప మౌనిక, డిగ్రీ చదువుతాంది, అనింది: "నాయనా, పెట్టె పోతే పోనీ, డిస్కు బాగుంది గదా. కంప్యూటర్లో ఎమ్యులేటర్ వేసుకో." ఎమ్యులేటర్ అంటే కంప్యూటర్ ఆ గేమ్ పెట్టె వేషం కట్టడం. ఆట దాన్ని చూసి ఇదే మా ఇల్లు అనుకుని నమ్మేస్తాదంట. నా చదువు పదో తరగతి, అది గూడా గట్టున పడీ పడక. అయినా వీడియోలు చూసుకుంటా, ఆపుకుంటా, ఇంగ్లీషు అక్షరం అక్షరం కూడబలుక్కుంటా, మొత్తానికి వేషం కట్టించినాను. నీలం కారు తెర మీద కనపడితే కండ్లలో నీళ్ళు తిరిగినాయి.

ఆడితోనే ఆగుంటే ఈ కథ ల్యాదు. మాడ్స్ అని ఇంకోటి ఉండాది. ఆటలో ఉండే బొమ్మలు తీసి మనకు కావాల్సినవి పెట్టుకోవచ్చు. ఎవరో పని ల్యాని మహానుభావుడు కార్ల బదులు జంతువులు పెట్టే మాడ్ చేసి నెట్లో పెట్టినాడు. దాన్లో బర్రె ఉండె. కాళ్ళ బదులు చక్రాలు. చూడంగానే నాకు మా బావ కారు గుర్తొచ్చింది. ఇంక చెయ్యి ఆగుతాదా? ఎర్ర కారు తీసి బర్రెను పెట్టినాను. బర్రె మూతికి మా బావ మీసం, నుదుటికి ఆయన గంధం బొట్టు. అట్లయినా మనసు నిండలే. హారన్ తీసేసి, ఆయన గొంతు అనుకరించి నేనే ఫోన్లో రికార్డు చేసి పెట్టినాను: "నిదానమప్పా, నిదానం." పత్తి మండీలో నాతో పని చేసేవాళ్ళు ఇంటికొచ్చి చూసి కిందపడి నవ్వినారు. బర్రె ఎట్లుంది అని అడిగేది వాళ్ళే.

ఇట్ల ఉండంగ మొన్న సరోజ ఒక కబురు చెప్పింది. అన్నను బతిమాలి, వదినతో చెప్పించి, ఆదివారం భోజనానికి ఒప్పించిందంట. చెప్పి, వేలు చూపించింది.

"ఈసారి మా అన్న కోపంగా ఈ గడప దాటినాడనుకో, ఆయన వెనకాలే కారెక్కి నేనూ పోతా. నీకు అన్నం ఆ కంప్యూటర్ వండి పెడతాది."

నేను గూడా మెత్తబడినాను. ఎంతైనా ఆయన ల్యాని రేసు రేసే కాదు. సరే, ఆయనను ఖుషీ చేద్దామని ఇంకో మాడ్ తయారు చేసినాను. ఎర్ర కారు మీద పూలదండ. రోడ్డు పక్కన బోర్డుల మీద ఎమ్మిగనూరు చీరలు. ఆట మొదలయ్యే తెర మీద తలకు పేటా చుట్టుకున్న మా బావ ఫోటో. చూస్తే ఎమ్మెల్యే మాదిరి ఉన్నాడు.

ఈడ నా బుద్ధి సంగతి చెప్పల్ల. నా పని పత్తి మండీలో. కుప్పలో పైన తెల్లని పత్తి పరిచుంటారు, తడిది, కాయతొక్కు పట్టినది కింద ఉంటాది. చూసేవాడికి పైనుండేదే కనపడతాది. అందుకే నేను ఎవరి కుప్ప చూసినా మోచేతి దాకా చెయ్యి దూర్చి కింది పత్తి లాగి చూస్తాను. కంప్యూటర్లో మాడ్స్ గూడా ఒకదాని కింద ఒకటి వరసగా కనపడతాయి. నేను కొత్త మాడ్ ను పైన పెట్టినాను. బర్రెది కింద ఉండిపోయింది.

"పాతదానికి టిక్కు తీసెయ్ నాయనా," అనింది మౌనిక.

"యాల తీయల్ల? అంత కష్టపడి చేసినా. పైన మంచిది పరిచినాక కిందిది ఎవరు చూస్తారు?"

"చెప్పినా గదా, నీ ఇష్టం."

ఒకసారి ఆన్ చేసి చూసినా. మొదటి తెర మీద పేటా చుట్టుకున్న మా బావ వచ్చినాడు. చాలని ఆపేసినా. ఊరందరి కుప్పల్లో చెయ్యి దూర్చే నేను నా కుప్పలో వేలు గూడా పెట్టలే.

ఆదివారం వాళ్ళు వచ్చినారు. కారు మా వీధి మలుపులో కనపడినాక మా ఇంటి ముందర ఆగేలోపల సరోజ లోపలికి పోయి ఓలిగ, అదే బొబ్బట్టు, కాల్చుకుని వచ్చింది. మా బావ, ఆయన భార్య రాధమ్మక్క దిగినారు. భోజనాల కాడ బావ నాతో మాట్లాడలే. ఎదురుగా కూర్చుని, "సరోజా, మీ ఆయనకు నెయ్యి వెయ్యి," అంటాడు. నేను, "సరోజా, మీ అన్నకు ఇంకో ఓలిగ కావాల్నేమో అడుగు," అంటాను. మధ్యలో సరోజ పోస్ట్ మ్యాన్ పని చేసి చేసి అలిసిపోయింది.

తిన్నాక నేను కంప్యూటర్ ను టీవీకి తగిలించి ఆన్ చేసినాను. మొదటి తెర వచ్చింది. మా బావ చూసినాడు. మీసం కొంచెం కదిలింది.

"ఇది నేనేనా?" అన్నాడు, నేరుగా నాతోనే.

"నువ్వే బావా. ఇంకెవరున్నారు ఆ అందానికి?"

సరోజ తలుపు కాడ నిలబడి కొంగుతో మొహం తుడుచుకుంది. అందరం కూర్చున్నాం. ఆయన చేతికి కంట్రోలర్ ఇచ్చినాను, ఒకటి నేను పట్టుకున్నాను. రేసు తెరుచుకుంది. నా నీలం కారు తళతళ మెరుస్తా నిలబడింది. దాని పక్కన బర్రె నిలబడింది.

మీసంతో. బొట్టుతో. చక్రాలతో.

ఫస్టు నవ్వింది రాధమ్మక్క. నోట్లో వక్కపొడి పొలమారి దగ్గుకుంటా అనింది: "ఓ దేవుడా, నేను దినామూ కూచునే కారు ఇదే గదా."

మా బావ ఏదో బటన్ నొక్కినాడు. అది హారన్. టీవీ లోపల్నుంచి గట్టిగా వచ్చింది: "నిదానమప్పా, నిదానం."

"ఆ గొంతు ఎవరిది?" అన్నాడు.

"కంప్యూటర్ ది బావా."

"కంప్యూటర్ది ఎమ్మిగనూరా?"

కంట్రోలర్ కింద పెట్టి లేచినాడు. సరోజ నా పక్క చూసిన చూపు ఇప్పటికీ నా వీపు మీద ఉండాది. ఇంక ఏం తోచలే. ముందు ఆ బర్రె మాయం కావల్ల. మోకాళ్ళ మీద పాక్కుంటా గోడ కాడికి పోయి ప్లగ్గు పట్టుకున్నాను.

"పీకు," అన్నాడు మా బావ, తలుపు కాడ నిలబడి. "పీకు నాగరాజూ. ఆ పొద్దు కాలితో పీకితివి, ఈ పొద్దు చేత్తో పీకు. అందరూ చూస్తాండారు."

అప్పుడు తగిలింది నాకు. ప్లగ్గు పీకితే పోయిన ఎండాకాలం గూడా నేనే పీకినట్లు. పీకకపోతే బర్రె ఉంటాది. చెయ్యి ప్లగ్గు మీద, కండ్లు సరోజ మీద, అట్లనే రాయి మాదిరి ఉండిపోయినాను.

ఇంతలో ఆట తన పాటికి తాను అంకెలు లెక్కబెట్టి విజిల్ వేసింది. కంప్యూటర్ తోలే మిగతా కార్లు జుయ్యిమని పోయినాయి. నా నీలం కారు, బర్రె మాత్రం ఆడనే నిలబడి ఉండాయి.

మా బావ తెర చూసినాడు. ఒక కాలు చెప్పులో ఉండాది, ఇంకో కాలు బయట ఉండాది. ముందు పోయిన కార్లు చిన్నగా అయిపోతాండాయి. రేసు ఎదురుగా పోతాంటే ఊరికే చూసే మనిషి కాదు ఆయన. చెప్పు విడిచి వచ్చి కంట్రోలర్ తీసుకుని కూర్చున్నాడు.

"చేతులు తియ్," అన్నాడు.

తీసినాను. తీసి, అనుమానం ల్యాకుండా రెండూ పైకెత్తి గోడకు ఆనుకుని కూర్చున్నాను, పోలీసులకు దొరికినోని మాదిరి. నా కారు ఆడనే నిలబడి ఉంది. తోలే ధైర్యం ల్యా.

బర్రె కదిలింది. మీకో రహస్యం చెప్పల్ల. మాడ్ మార్చేది బొమ్మనే. లోపలుండే ఇంజను ఎర్ర కారుదే, అన్ని కార్ల కంటే అదే ఫాస్టు. ఆ బర్రె ఉరుకుతాంటే చూడల్ల. మలుపులో పక్కకు ఒరిగి, చక్రాలు కీచుమని, మీసం గాలికి అట్లనే నిలబడి, ఒక్కో కారును దాటుకుంటా పోతాంది. దాటినప్పుడల్లా మా బావ కావాలనే హారన్ కొడతాండాడు. "నిదానమప్పా, నిదానం." పక్కకు తప్పుకున్న కారు. "నిదానమప్పా, నిదానం." ఇంకోటి. రాధమ్మక్క నవ్వలేక సరోజ భుజం మీద పడింది. సరోజకు ఏడవల్నో నవ్వల్నో తెలియక రెండూ కలిపి చేసింది.

బర్రె గీత దాటింది. ఫస్టు. మా బావ కంట్రోలర్ ను ఒళ్ళో పెట్టుకుని గట్టిగా ఊపిరి వదిలినాడు. గోడ కాడ చేతులెత్తి కూర్చున్న నా పక్క తిరిగినాడు.

"ఈసారి తిమ్మిరి రాలేదే నీకు," అన్నాడు.

"వచ్చింది బావా. చేతులకు."

అప్పుడు నవ్వినాడు. ఎండాకాలం నుంచి లోపల దాచి పెట్టుకున్న నవ్వు మొత్తం వదిలినాడు. చేతులు దించుకోమన్నాడు.

మౌనిక వచ్చి వరస చూసి తల కొట్టుకుంది. ఈ ఎమ్యులేటర్లో పైన ఉండే మాడ్ ముందు ఎక్కుతాదంట, కింద ఉండేది ఆఖర్న ఎక్కి పైదాన్ని కప్పేస్తాదంట. కార్ల కాడ రెండూ తగులుకుంటే కిందుండే బర్రే గెలిచింది. మొదటి తెర జోలికి బర్రె పోలేదు కాబట్టి ఆడ ఫోటో మిగిలింది.

"పత్తి లెక్క వేరే, ఇది వేరే నాయనా," అనింది.

"ఈ బర్రెను ఇప్పుడే తీసేస్తా బావా," అన్నాను నేను.

"ముట్టుకున్నావంటే చూడు," అన్నాడు. "అది గెలిచిన బర్రె. నాకు ఇంకోటి కావల్ల. ఆ మలుపుల్లో అడ్డంగా డ్రమ్ములు పెట్టినారే, గుద్దితే ఎగిరిపోతాయే, అవి తీసి పత్తి నింపిన గోనె బోరాలు పెట్టు. ఒక్కో బోరం మీద నీ మొహం ఉండల్ల. గుద్దినప్పుడు నీ గొంతు రావల్ల."

"ఏమని రావల్ల?"

"తప్పయింది బావా, అని."

సరోజ ఎదురుగా నిలబడి ఉంది. ల్యాదనే మాట నోట్లోకే రాలే. ఆ సాయంత్రమే ఫోటో తీసుకుని, రికార్డు చేసి, మాడ్ కట్టినాను. "సరిగా ఏడు," అని రాధమ్మక్క రికార్డు మళ్ళీ మళ్ళీ చేయించింది. ఈసారి దాన్ని వరసలో అన్నిటికంటే కింద పెట్టి, ఆట మొత్తం తోలి చూసుకున్నాను. ప్రతి మలుపులో నేనే.

మా బావ ఆటతో సహా దాన్ని పెన్ డ్రైవ్ లో ఎక్కించుకుని, అంగడి కంప్యూటర్లో అందరికీ చూపిస్తానని కారెక్కినాడు. మా వీధి దాటేలోపల ఒక ముసలాయన సైకిల్ మీద ఆయనను దాటిపోయినాడు. సరోజ గేటు కాడ నిలబడి ఆ కారు మలుపు తిరిగేదాకా చెయ్యి ఊపుతానే ఉంది. చెయ్యి నొప్పి పుట్టి మార్చుకుంది గూడా.

నిన్న పని ఉండి ఎమ్మిగనూరు పోయినాను. బావ అంగడి ఉండే వీధిలోకి తిరిగినానో ల్యాదో, నా జన్మలో చూడని ఒకాయన నా మొహం పక్క తేరిపార చూసి, లోపలికి తిరిగి కేకేసినాడు: "శివన్నా, మీ బోరం వచ్చింది!"

అందుకే ఎవరన్నా బర్రె ఎట్లుంది అని అడిగితే నేను ఒకటే చెప్తాండా. బర్రెకేం అప్పా, బలంగా ఉంది. దినామూ నన్నే గుద్దుతాంది.