కుర్చీలో ఫోర్‌మన్

ఎనభైలలో షార్జా రోలాలోని మా గదిలో వీసీఆర్ ఉండేది. దాని యజమాని మా ఫోర్‌మన్, గోదావరి వైపు మనిషి. శుక్రవారం భోజనాలయ్యాక కర్టెన్లు వేయించి, ఎవరు ముందు కూర్చోవాలో, ఎవరు తలుపు దగ్గర కాపలా ఉండాలో ఆయనే చెప్పేవాడు. అసలు ఘట్టం రాగానే బొమ్మ ఆపి టీ పెట్టించుకునేవాడు. మేం నోళ్లు తెరుచుకుని ఎదురుచూస్తుంటే తాపీగా తాగేవాడు.

ఒకసారి, దేశం వదిలిపోతున్న తెల్ల ఇంజినీరు ఎవరో ఇచ్చాడని ఒక క్యాసెట్ తెచ్చాడు. పట్టుబడితే అందరినీ విమానం ఎక్కించే రకం. అందులో నల్లతోలు బట్టల ఆమె ఒకణ్ణి కుర్చీకి కట్టి చుట్టూ తిరుగుతుంది. కట్టడానికి పట్టింది బొమ్మలో పావు వంతు కూడా కాదు, మిగతాదంతా నడకే. లెక్కలు సొంతంగా నేర్చుకున్నవాణ్ణి కాబట్టి నాకు ముందు అలాంటివే కనిపిస్తాయి. వాడు ఒక్క మాట అంటే ఆమె ఆగేది, తలూపితే మళ్లీ మొదలెట్టేది. కట్లు వాడికి, చాకిరీ ఆమెకి. వాడనే ఆ మాట, పని ఇక చాలనడానికి సైట్లో మనం అనే ఖలాస్ లాంటిదని ఫోర్‌మన్ మాకు వివరించాడు.

మాలో పైపులతో స్కాఫోల్డింగ్ కట్టే జగిత్యాల మనిషి ఒకడుండేవాడు. తను ఇక్కడికి వచ్చాక పుట్టిన కూతురిని ఇంకా చూడలేదు. ఫోర్‌మన్ సరేనంటేనే ముదీర్, అంటే కంపెనీ మేనేజరు, లీవు ఇస్తాడు. ఎప్పుడడిగినా ఫోర్‌మన్ “చూద్దాంలే” అనేవాడు. ఆ రోజు అందరూ ఆమెను చూస్తుంటే, అతను తాడును చూశాడు.

“ఇదేం ముడి సార్? గుంజితే ఊడొస్తది.”

గదంతా నవ్వింది. క్యాసెట్ పరువు పోతే తన పరువు పోయినట్టే అనుకున్నాడు ఫోర్‌మన్. కుర్చీ లాక్కుని కూర్చుని చేతులు వెనక్కి పెట్టాడు.

“నువ్వు కట్టరా చూద్దాం. టీ మరిగేలోగా బయటికొస్తా.”

అతను బట్టలారేసే తాడు తెచ్చి, పనిలో పైపులకు వేసే ముడే వేశాడు. ఫోర్‌మన్ గుంజాడు, గింజుకున్నాడు, చెమటలు కక్కాడు. ముడి కదల్లేదు. వెనకనుంచి ఎవరో మెల్లగా అన్నారు, “అన్నా, గిప్పుడే అడుగు.”

“సార్, నా లీవు సంగతి జర చెప్పుండ్రి.”

ఆ గదిలో కదలలేని మనిషి ఒక్కడేనని నేను లెక్కగట్టాను. ఫోర్‌మన్ గింజుకోవడం మానేసి, హాయిగా వెనక్కి వాలి, మా మొహాలు వరసగా చూశాడు.

“రేపు పనుందిగా,” అన్నాడు.

నా లెక్క తప్పింది. మా పాస్‌పోర్టులు కంపెనీ బీరువాలో ఉన్నాయి. ఎండలో ఎవరిని నిలబెట్టాలో, నీడలో ఎవరిని ఉంచాలో చెప్పేది ఆ నోరే. అందరం గోడలు చూడటం మొదలెట్టాం. టీ వచ్చింది. కట్టినవాడే కప్పు ఆయన నోటికి పట్టాడు.

“చక్కెర తక్కువైంది,” అన్నాడు కట్లలోని మనిషి.

చక్కెర కలిపి మళ్లీ పట్టాడు. ఆయన చివరి గుక్క మింగి, “ఇక ఖలాస్” అన్నాడు. కట్టినవాడి చేతిలో ముడి వెంటనే విడిపోయింది.

“చూశారా, వచ్చేశా,” అంటూ ఫోర్‌మన్ మణికట్లు రుద్దుకున్నాడు. అవునని అందరం తలూపాం.

“సార్, లీవు?”

“చూద్దాంలే.” బొమ్మ మళ్లీ నడిచింది.

లీవు మరో ఎండాకాలం గడిస్తేగానీ రాలేదు. కాపలా మాత్రం మరుసటి శుక్రవారం నుంచే అతనిదైంది. తలుపు దగ్గరికి టీవీ కనపడదు.