లోపల ఊ కొట్టేవారు

నా చిన్నప్పుడు మా ఇంట్లో ఊ కొట్టనివాళ్ళకి కథ లేదు. అది మా నాయనమ్మ పెట్టిన రూలు. మధ్యాహ్నం భోజనాలయ్యాక ముందుగదిలో మంచం మీద నడుం వాల్చి ఆవిడ కథ మొదలుపెట్టేది. నేను మాట మాటకీ ఊఁ అనాలి. కునుకుపట్టి ఊ మానేశానా, కథ అక్కడే ఆగిపోయేది. మర్నాడు ఎంత బతిమాలినా ఆగినచోటు నుంచి ఎత్తుకునేది కాదు. మొండిఘటం. నాకూ ఆ పోలికే వచ్చిందని మా ఇంట్లో ఇప్పటికీ అంటారు, అననివ్వండి.

మాది గుండుగొలను దాటి కొల్లేటి వైపు వెళ్ళే దారిలో ఒక పల్లె. నాయనమ్మ కథలన్నీ ఆ కొల్లేటి అడుగున ఉండే ఒక దేశంలో జరిగేవి. దాని పేరు అడుగుసీమ. ఆవిడ సొంతంగా అల్లుకున్న దేశమే. మన నీళ్ళే వాళ్ళకి ఆకాశం. మన పడవలు వాళ్ళ నెత్తిమీద మబ్బుల్లా పోతుంటాయి. వేసవిలో కొల్లేరు తగ్గితే పాపం వాళ్ళ ఆకాశం కిందికి దిగిపోతుంది, అందరూ వంగి నడుస్తారు.

ఆ సీమలో పండితులని ఊపెద్దలు అనేవారట. వాళ్ళ మతమంతా ఒకటే మాట. కళ్ళు ఏదో చూసి చెబుతాయి, చెవులు ఏదో విని చెబుతాయి, ముల్లు గుచ్చుకుంటే కాలు చెబుతుంది. లోపల ఒకరు కూర్చుని వీటన్నిటికీ ఊ కొడుతూ ఉంటారు. ఆ ఊ కొట్టేవారే మనిషి. మిగతాదంతా కథ.

వాళ్ళతో వాదానికి దిగేవాళ్ళని అద్దంవాళ్ళు అనేవారు. లోపల ఎవరూ లేరు, ఒక అద్దం ఉంది, ఎదురుగా ఉన్నది అందులో కనపడుతుంది, అంతేనని వాళ్ళ వాదన. ఒక ముసలి ఊపెద్ద సభలోకి నిలువుటద్దం తెప్పించి, దాని ముందు కూర్చుని పొద్దుగూకేదాకా కథ చెప్పాడట. ఆయన మొహం, చేతులు, ఆఖరికి ముక్కు మీద వాలిన ఈగ కూడా అద్దంలో కనపడ్డాయి. ఊ మాత్రం ఒక్కటీ రాలేదు.

ఆ మధ్యాహ్నం ఆ కథ విని నేను లేచి కూర్చున్నాను. నా చెయ్యి నేనే చూసుకున్నాను. చూస్తున్నానని లోపల ఎవరో ఊఁ అన్నట్టే అనిపించింది. మరి నిద్రపోతే ఎవరు కొడతారని అడిగాను. "అప్పుడూ కొడతారే పిచ్చిమొహమా. మరీ మెల్లిగా కొడతారు, నీకే వినపడదు" అంది. లోపలున్నవాళ్ళకి అసలు ఈ కథంతా చెప్పేదెవరు అని అడిగాను. నాయనమ్మ అటు తిరిగి పడుకుని, "అది రేపు" అంది.

మర్నాడు పొద్దున్నే కళ్ళాపి చల్లుతూ వాకిట్లో కూలబడిపోయింది. పక్షవాతం. ఏలూరు తీసుకెళ్ళారు. నాలుగు రోజులయ్యాక అక్కడి డాక్టరుగారు ఇంక ఇంటి దగ్గరే చూసుకోండని పంపించేశారు. కళ్ళు సగం తెరిచి ఉండేవి, చూపు ఎవరిమీదా ఆగేది కాదు. చెంచాతో జావ పోస్తే గొంతు దిగేది, అంతే. రోజు విడిచి రోజు సైకిలు మీద కాంపౌండరుగారు వచ్చి ఇంజక్షను ఇచ్చేవారు. మొదటిరోజు ఆయన నాయనమ్మ కనురెప్ప ఎత్తి చూసి, "తెలివి లేదండీ" అన్నారు.

నేను ఊరుకోలేదు. మా నాయనమ్మకి తెలివి లేదా? ఊపెద్దలనీ అద్దంవాళ్ళనీ పుట్టించిన మనిషికా? "మీకే లేదు తెలివి!" అని అరిచాను. మా అమ్మ తొడపాశం పెట్టి అవతలికి లాక్కుపోయింది. స్పృహని కూడా తెలివే అంటారని అప్పుడు చెప్పింది. నాకు అది ఇంకా ఘోరంగా తోచింది. అంటే లోపల ఊ కొట్టేవారు వెళ్ళిపోయారన్నమాట, మంచం మీద అద్దం మిగిలిందన్నమాట.

ఇంట్లో అందరూ అలాగే నమ్మారు. ఆవిడ తలవైపే నిలబడి, ఆవిడ లేనట్టే మాట్లాడుకునేవారు. ఒక శనివారం మా అత్తయ్య, అంటే నాయనమ్మ సొంత కూతురే, "నాన్నగారండీ, కోతల రోజులు, వచ్చేపోయేవాళ్ళతో ముందుగది ఇరుకైపోతోంది. తెలివి లేని మనిషికి ఏ గదైతే ఏంటండీ? సోమవారం మంచం వెనకగదిలోకి మార్పిద్దాం" అంది. వెనకగదిలో తవుడు బస్తాలుండేవి. కిటికీ కూడా లేదు. తాతయ్య లేచి ఎడ్ల దగ్గరికి వెళ్ళిపోయాడు. ఆయన మనుషులతో కంటే ఎడ్లతోనే ఎక్కువ మాట్లాడేవాడు.

మర్నాడు మధ్యాహ్నం ఆయన నన్ను పిలిచి మంచం పక్కన కూర్చోబెట్టుకున్నాడు. "సభలోకి అద్దం తెప్పించింది రాజుగారే కదమ్మా?" అన్నాడు. కాదు తాతయ్యా, ఊపెద్ద అన్నాను. ఇన్నాళ్ళూ అరుగు మీద కళ్ళు మూసుకుని కథలన్నీ వింటూనే ఉన్నాడన్నమాట! "నాకు కాదు, మీ నాయనమ్మకి చెప్పు. మాట మాటకీ ఆగు" అన్నాడు.

చెప్పాను. ఆగాను. ఏమీ రాలేదు. మళ్ళీ చెప్పాను. ఊ లేకుండా కథ చెప్పడం ఎంత కష్టమో అప్పుడు తెలిసింది. నాకు ఏడుపొచ్చేసింది. తాతయ్య నా తల మీద చెయ్యేసి, "నువ్వు ఆగేది చాలట్లేదమ్మా. ఆవిడ చాలా దూరం నుంచి రావాలి కదా" అన్నాడు. నా చెవి నాయనమ్మ గొంతుకి ఆనించి పెట్టాడు.

ముసలి ఊపెద్ద నిలువుటద్దం తెప్పించాడు, అని ఆగాను. బయట ఎడ్ల మెడలో గంట చాలాసార్లు మోగింది. అప్పుడు గొంతు లోపల, ఎక్కడో అడుగున, సన్నగా వినిపించింది. ఊఁ. ఇంకో మాట చెప్పి ఆగాను. చాలాసేపటికి మళ్ళీ వచ్చింది.

నా కేకలకి ఇంటిల్లిపాదీ పరిగెత్తుకొచ్చారు. అప్పుడే వచ్చిన కాంపౌండరుగారు కూడా వంగి విని, "కఫం అండీ, గొంతులో ఆడుతోంది" అన్నారు.

"కఫమేనండీ, నేను కాదనట్లేదు. పిల్ల మాట్లాడుతున్నంతసేపూ ఆడట్లేదు, ఆగితేనే ఆడుతోంది. మీరే చూడండి" అన్నాడు తాతయ్య.

ఆయన స్టూలు లాక్కుని కూర్చున్నారు. కథ మొత్తం అయ్యేదాకా కదల్లేదు. బ్యాగు సర్దుకుని గుమ్మం దాకా వెళ్ళి, వెనక్కి వచ్చి, మంచం వైపు వంగి, "వెళ్ళొస్తానండి అమ్మగారూ" అన్నారు. అన్నాళ్ళలో ఆయన నాయనమ్మతో మాట్లాడడం అదే మొదటిసారి. అత్తయ్య కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, "అమ్మా, వెనకగది మాట విన్నావా అమ్మా" అని ఆవిడ కాళ్ళ దగ్గర కూలబడిపోయింది.

మంచం ముందుగదిలోనే ఉంది. కొల్లేరు మళ్ళీ నిండేదాకా నాయనమ్మ బతికింది. లేవలేదు, మాట రాలేదు. కానీ ఆ ఇంట్లో ఎవరు బయటికెళ్ళినా ఆవిడకి చెప్పే వెళ్ళారు, చెప్పి కాసేపు ఆగే వెళ్ళారు.

ఇప్పుడు నేను ఏలూరులో ఉంటున్నాను. నాయనమ్మ వయసు దాటేశాను. మా మనవలు ఫోను చూసుకుంటూ నాకు ఊ కొడతారు, అది అద్దంవాళ్ళ ఊ అని తిడుతుంటాను. మొన్న తాడేపల్లిగూడెం ఆసుపత్రిలో మా పాత పక్కింటావిడని చూడ్డానికి వెళ్తే, "తెలివి లేదండీ, ఎందుకు లెండి" అన్నారు అక్కడివాళ్ళు. నేను ఆవిడ చెవి దగ్గర కూర్చుని, నేనెవరో, ఏ బస్సులో వచ్చానో, దారిలో ఎంత ఎండగా ఉందో చెప్పి ఆగాను. నర్సమ్మ నవ్వింది. నవ్వితే నవ్వింది. చాలా దూరం నుంచి రావాలి కదా, ఆగాలి.

లోపలున్నవాళ్ళకి ఈ కథంతా చెప్పేదెవరో నాకింకా తెలియలేదు. నాయనమ్మ రేపు చెబుతానంది. అందాకా నేను ఊ కొడుతూనే ఉన్నాను.