అక్క చేత్తో రాసిన జవాబు

మా అక్క లెక్కల టీచర్. అక్షరాలు మాత్రం డ్రాయింగ్ టీచర్ కూడా కుళ్లుకునేలా ఉంటాయి. ఆ దస్తూరే ఆమె కొంప ముంచింది.

బడిలో చేరిన కొత్తలోనే హెడ్మాస్టరు ఆ సంగతి కనిపెట్టారు. అప్పటినుంచి హాజరు పట్టీలు, టీసీలు, పై ఆఫీసుకు పంపే జవాబులు, అన్నీ అక్క చేతే రాయించేవారు. గుమాస్తా హాయిగా కాళ్లు చాపుకుని పేపరు చదువుకునేవాడు. "అతని పని నువ్వెందుకు చేస్తావే?" అని నేను ఎగిరితే, "అంతటివారు అడిగితే కాదంటామా?" అనేది. నోట్లో నాలుక లేని మనిషి.

ఐదేళ్లు నిండిన తాత్కాలిక టీచర్లందరినీ పర్మినెంట్ చేయమని ఉత్తర్వు వచ్చింది. అక్కతోపాటు చేరిన ఇద్దరికీ ఆ ఏడాదే అయిపోయింది. అక్కకు మాత్రం ఇంకో తొమ్మిదేళ్లు పట్టింది. ఆ తొమ్మిదేళ్లూ వాళ్ల జీతంలో మూడో వంతుకే వాళ్లు చెప్పిన క్లాసులే చెప్పింది. ఆ తేడా ఇప్పించమని ఆఫీసు చుట్టూ కాళ్లరిగేలా తిరిగింది. సీట్లో మనిషి మారినప్పుడల్లా కథంతా మొదటినుంచి చెప్పుకోవాలి. కొత్తాయన శ్రద్ధగా విని, పాతాయన్ని అడగమనేవాడు. చివరికి నేనూ బావా పోరి కోర్టుకెక్కించాం.

అక్కడ మూడేళ్లు వాయిదాలు. మొన్నటి వాయిదాకు తోడుగా నేను వెళ్లాను. ఆఫీసు తరఫు లాయరు పాత ఫైల్లోంచి ఒక కాగితం తీసి జడ్జి ముందు పెట్టాడు. 'సదరు టీచర్ తన సర్టిఫికెట్లు నేటివరకు ఇవ్వనందున పర్మినెంట్ ఫైలు పంపలేకపోతున్నాము.' కింద హెడ్మాస్టరు సంతకం. పైనంతా మా అక్క గుండ్రటి అక్షరాలు.

"ఈ రాత ఎవరిది మేడమ్?" అని అడిగాడు లాయరు.

"నాదేనండీ."

"చూశారా సార్, తప్పు తనదేనని ఆవిడే రాసుకున్నారు. ఇక ఆఫీసు ఇవ్వాల్సిందేముంది?"

హెడ్మాస్టరు చెబితేనే రాశానంది అక్క. దానికి రుజువు తెమ్మని జడ్జి నెల గడువిచ్చారు. బయటికి రాగానే నేను మండిపడ్డాను. "నీ మీద నువ్వే చాడీ రాసుకుంటావా? బుద్ధుండక్కర్లేదా?"

"ప్రస్తుతానికి ఇలా పంపుదాం, వచ్చే నెల అసలు ఫైలు పంపేస్తానన్నారే హెడ్మాస్టరు గారు," అంది అక్క. "సర్టిఫికెట్లు నేను బడిలో చేరిన వారంలోనే ఇచ్చాను. ఆయన బీరువాలోనే ఉండిపోయాయి."

రిటైరైన ఆ హెడ్మాస్టరు ఇంటికి మర్నాడే వెళ్లాం. ఆయన మమ్మల్ని కూర్చోబెట్టి మంచినీళ్లిచ్చారు. "నువ్వు ఇచ్చావమ్మా, నేనే పెట్టి మర్చిపోయాను. పై ఆఫీసువాళ్లు అడిగితే ఏం చెప్పాలో తోచక అలా రాయించాను," అని దాపరికం లేకుండా ఒప్పుకున్నారు. నాకు ప్రాణం లేచొచ్చింది.

"ఆ మాటే కాగితం మీద పెట్టండి సార్," అంది అక్క.

ఆయన లోపలికెళ్లి తెల్లకాగితం, పెన్ను తెచ్చి అక్క ముందుకే తోశారు. "నువ్వు రాయమ్మా. నేను సంతకం పెడతా."

మా అక్క పెన్ను అందుకుంది! మూత కూడా తీసింది. నేను మోచేత్తో ఒక్కటి పొడిచాక గానీ ఆమెకు తెలివి రాలేదు. సిగ్గుపడి కాగితం వెనక్కి జరిపింది. "మీరే రాయాలి సార్."

ఆయన కళ్లజోడు పెట్టుకుని రెండు లైన్లు రాశారు. సర్టిఫికెట్ల దగ్గరికి వచ్చేసరికి పెన్ను ఆగింది. "ఇది చూసి నా పెన్షన్ ఆపేస్తారేమోనమ్మా. ఒక్క నెల ఆగినా ఇల్లు గడవదు."

నాకు ఒళ్లు మండిపోయింది. నోరు తెరిచేలోపే అక్క అందుకుంది. ఆయనకు ఆమె ఎదురు చెప్పడం నేనెప్పుడూ వినలేదు.

"ఒక్క నెల ఆగుతుందేమోనని మీ చెయ్యి ఆడటం లేదు సార్. నాది తొమ్మిదేళ్లు ఆగింది. మాకూ ఇల్లు గడవలేదు. అయినా ఆ రోజు మీరు చెప్పింది చెప్పినట్టు రాశాను."

ఆయన కాగితం దగ్గరికి లాక్కున్నారు. మళ్లీ పెన్ను కదిలింది. బీరువా సంగతి, మర్చిపోయిన సంగతి, రాయించిన సంగతి, అన్నీ వంకరటింకరగా రాసి సంతకం పెట్టి ఇచ్చారు.

నేను లేచి నిలబడ్డాను. అక్క లేవలేదు. కాగితం మొదటినుంచి చివరిదాకా రెండుసార్లు చదివి, మళ్లీ ఆయన ముందే పెట్టింది.

"తేదీ వేయలేదు సార్."