ఎర్ర పుల్లలు

నా తెలివితక్కువతనం ముందే ఒప్పుకుంటాను. ఐటీ ఊపులో సికింద్రాబాద్‌లో ఒక మెడికల్ ట్రాన్‌స్క్రిప్షన్ కంపెనీలో చేరాను. అమెరికా డాక్టర్లు చెప్పేది హెడ్‌ఫోన్లో విని టైపు చేయడం పని. ఆగని దగ్గు, సాయంత్రం జ్వరం, తగ్గే బరువు అని ఎవరెవరి గురించో ఎన్నిసార్లు కొట్టానో! అవే మూడూ నాకొస్తే మాత్రం ఏసీ పడలేదనుకుని రెజిమెంటల్ బజార్లో దగ్గు మందు సీసాలు కొనుక్కుని తాగాను. అక్షరాలు కొట్టి బతికేవాణ్ణి క్షయ కొట్టింది.

ఒక ఉదయం దగ్గితే వాష్‌బేసిన్‌లో రక్తం కనబడింది. మా పాపకి ఎనిమిది నెలలు. రోజూ నా గుండెల మీదే నిద్రపోయేది.

లాలాగూడలో మా ఇంటి దగ్గరి సర్కారు దవాఖానాలో కళ్లె పరీక్ష చేసి టీబీ అన్నారు. వారానికి మూడు రోజులు నర్సమ్మ ఎదుటే మాత్రలు మింగాలి. మొదటి రోజే ఆమె అడిగింది.

"ఇంట్ల చిన్న పిల్లలున్నరా అన్నా?"

"లేరు" అన్నాను.

ఉన్నారంటే పరీక్ష చేస్తారు. చేస్తే ఏం బయటపడుతుందో! ఆ వారమంతా పాప చేతులు చాచినప్పుడల్లా వెనక్కి నడిచాను. అది ఒకసారి తుమ్మితే గోడ పట్టుకుని నిలబడ్డాను.

దవాఖానాలో పిల్లలు లేరని చెప్పానని తెలిసినా మా ఆవిడ అరవలేదు. "దాచీసినంత మాత్రాన పోతాదేటండీ? మీరు తీసుకెళ్తారా, నన్నెళ్లమంటారా?" అంది.

నేనే ఎత్తుకెళ్లాను. నర్సమ్మ పాపని చూసింది, నన్ను చూసింది.

"గీమె ఎవరన్నా? ఆకాశంలకెళ్లి పడ్డదా?"

పాపని ఆమె ముందున్న బల్ల మీద కూర్చోబెట్టాను.

"గోలీలు మింగుమన్న గని, నిజం మింగుమన్ననా?"

ఎక్స్‌రే తీశారు. ఫలితానికి మూడు రోజులు. ఆ మూడు రోజులూ ఆఫీసులో ఏం టైపు చేశానో తెలియదు. చెవుల్లో డాక్టర్లు మాట్లాడుతుంటే నాకు వినబడింది పాప ఊపిరే.

"బిడ్డకేం లేదు. రాకుండా ఆరు నెల్లు ఆమెకు సుత గోలీ" అంది నర్సమ్మ. అక్కడే బెంచీ మీద కూర్చుని ఏడ్చాను.

ఆ ఆరు నెలలూ పాప మాత్ర పొడి నా చొక్కా మీద ఉమ్మేది, నేను మళ్లీ కలిపేవాణ్ణి. చివరి పరీక్షలో నా కళ్లె శుభ్రంగా వచ్చింది. ల్యాబులో అతను, తనిఖీ అయిపోయి పారేయబోతున్న స్లైడుల్లో, కళ్లె పూసిన ఆ అద్దం ముక్కల్లో, నా మొదటిది వెతికి, మైక్రోస్కోపులో చూపించాడు. నీలం మీద సన్నటి ఎర్ర పుల్లలు, క్షయ క్రిములు. పాప పక్కన పడుకున్నవి ఇవా!

"దీన్ని నేను పారెయ్యచ్చా?" అని అడిగాను.

"ఏందన్నా, పగనా?" అని నవ్వి, గ్లౌజులిచ్చి, క్రిముల్ని చంపే మందునీళ్ల బకెట్ చూపించాడు.

వేశాను. అడుక్కి చేరేదాకా వంగి చూశాను.