గ్లాసు జరిపినప్పుడు

మాట్లాడించడంలో యాంకరును మించినవాడు లేడు. రాయి చేతనైనా మాట్లాడిస్తాడని ఆ చిన్న కేబుల్ ఛానల్లో అందరూ అనేవారు. ఏడిపించడంలో ఇంకా ఘనుడు. అది మాత్రం ఎవరూ పైకి అనేవారు కాదు.

స్టూడియో అంటే బట్టల షాపు పైనున్న ఒక గది. రెండు సోఫాలు, వెనక దుమ్ము పట్టిన ప్లాస్టిక్ పూలు, మధ్యలో బల్ల మీద మంచినీళ్ళ గ్లాసు. వచ్చినవాళ్ళ గొంతు వణికిందంటే చాలు, యాంకరు గ్లాసును మెల్లగా వాళ్ళవైపు జరిపేవాడు. ఎంత జాలిగుండె అని చూసేవాళ్ళు మురిసిపోయేవారు. జాలీ లేదు, పాడూ లేదు. అది కెమెరామన్‌కు సైగ: కన్నీళ్ళు వస్తున్నాయి, మొహం దగ్గరగా చూపించు అని. ఈ కిటుకును పెళ్ళయిన కొత్తలో భార్యకు గొప్పగా చెప్పుకున్నాడు. ఆమె నవ్వింది కూడా.

ఆమె తమ్ముడు బస్సు డ్రైవరు. అతను నడిపే బస్సు వాగులో పడి ముగ్గురు పోయారు. తప్పు బ్రేకులదేనని విచారణలో తేల్చినా, లోకం నోరు మూయించగలమా?

"మా షోకి రారా బామ్మర్దీ. నీ గోడు నువ్వే చెప్పుకో," అన్నాడు యాంకరు.

"ప్రమాదం సంగతి మాత్రం అడగొద్దు బావా. తట్టుకోలేను."

"అడగనురా. మీ అక్క మీద ఒట్టు!"

అడిగాడు. చూసేవాళ్ళు తగ్గిపోతున్నారని ఓనరు ఆ పొద్దునే చీవాట్లు పెట్టాడు మరి, పీత కష్టాలు పీతవి. బామ్మర్ది గొంతు వణికింది. గ్లాసు జరిగింది. వాగు దగ్గరి మలుపులో ఒక్క క్షణం కునుకు పట్టిందని అతను వెక్కి వెక్కి ఏడుస్తూ చెప్పేశాడు.

దాన్ని టీవీలో వేయొద్దని భార్య కాళ్ళు పట్టుకుంది. వేశారు. మర్నాడే తమ్ముడు ఇల్లు వదిలిపోయాడు. ఇక జాడ లేదు.

ఆనాటి నుంచి ఆమె వండింది, వడ్డించింది, మొగుడితో మాత్రం మాట్లాడలేదు. ఊరందరి చేతా మాట్లాడించినవాడికి సొంత ఇంట్లో పలకరింపు కరువైంది. తర్వాత ఛానల్ వాళ్ళు అతన్ని కరివేపాకులా తీసిపారేశారు. ఆమె జబ్బుపడింది. ఇక లాభం లేదని డాక్టరు చెప్పాక, అతను ఆసుపత్రి మంచం పక్కనుంచి కదల్లేదు.

"తిట్టవే. శాపనార్థాలైనా పెట్టు. ఒక్క మాట అను," అని బతిమాలాడు. నిజంగానే బతిమాలాడు పాపం, అక్కడ కెమెరా లేదు.

చాలాసేపటికి ఆమె పెదవులు కదిలాయి.

"మా తమ్ముడు..." అంది. గొంతు వణికింది.

మంచం పక్క స్టూలు మీద మందులు వేసుకునే నీళ్ళ గ్లాసు ఉంది. అతని చెయ్యి దానంతటదే పోయి, గ్లాసును మెల్లగా ఆమెవైపు జరిపింది.

ఆమె గ్లాసు వంక చూసింది. తర్వాత అతని వంక చూసింది. నోరు మూసుకుని గోడవైపు తిరిగి పడుకుంది.

మళ్ళీ ఇటు తిరగలేదు.