కొవ్వొత్తి వెనక పాటలమ్మ

టీవీ కొత్తగా వచ్చిన రోజులవి. ఆదివారం ఉదయం అరగంట భక్తి కార్యక్రమం, నేరుగా ప్రసారం. అందులో ప్రార్థన పాట పాడేది ఒక దర్జీ. వీధివాళ్లు పాటలమ్మ అనేవారు. వారమంతా కుట్టుమిషను తొక్కిన మనిషి, ఆదివారం పౌడరు పూసుకుని నెత్తి మాడ్చే దీపాల కింద నిలబడేది. ప్రార్థన కళ్లు మూసుకునే పాడాలన్నది దర్శకుడి నియమం. ఆవిడ రెప్ప ఎత్తేది కాదు.

పాట ప్రసారమయ్యేవేళ స్టూడియోలోనే ఉంటుంది కాబట్టి తనను తాను ఎన్నడూ చూసుకోలేదు. చూసి చెప్పేది అక్క. "ఆ నీలం రంగు నీకు భలే నప్పిందే!" అనేది. ఊరంతా తన ముఖం చూస్తోందన్న సంబరంతో పాటలమ్మ వారమంతా తేలిపోయేది.

ఒక వారం గొంతు పూడుకుపోయింది. స్టేషనువాళ్లు పాత రికార్డింగు వేస్తామన్నారు. గొంతు సంగతే మరిచిపోయి అక్క ఇంటికి పరుగెత్తింది. అక్క ముఖం పాలిపోయింది.

"ఇవాళ బొమ్మ సరిగ్గా రావట్లేదే. వంటింట్లో కూర్చుందాం రా."

"శుభ్రంగా వస్తోంది కదా!" అన్నాడు బావ, సంగతి తెలియక.

పాట మొదలైంది. గొంతు తనదే. తెర మీద మాత్రం కొవ్వొత్తి. పల్లవి అయింది, చరణాలు అయ్యాయి. కొవ్వొత్తి కదల్లేదు.

పాటలమ్మ అక్కవైపు తిరిగింది. "ఈ ఒక్క వారమేనా?"

"మొదట్నుంచీ అంతే. నీ సంతోషం చూసి నోరు రాలేదే."

"మరి నీలం రంగో?"

"ఈ పెట్టెలో రంగులెక్కడివి, మరదలా?" నవ్వబోయి ఆగిపోయాడు బావ.

మరుసటి ఆదివారం ఆవిడ కళ్లు తెరిచే పాడింది. ప్రసారమయ్యే కెమెరా మీద ఎర్రదీపం వెలుగుతుంది. తన ఎదుట ఉన్నదాని మీద వెలగలేదు. పక్కన, బల్లమీది కొవ్వొత్తికి గురిపెట్టినదాని మీద వెలుగుతోంది. పాట ఆపకుండానే ఆ బల్లవైపు నడిచింది. కంట్రోలు గది అద్దం వెనక దర్శకుడు చేతులు ఊపాడు. కెమెరా పట్టుకున్నాయన కొయ్యబారిపోయాడు.

కొవ్వొత్తి వెనక నిలబడి, పక్కన ప్రసారం చూపే చిన్న తెరకేసి చూసింది. చెమటకి పౌడరు చారలు కట్టిన ముఖం, నోరు తెరుచుకుని, తననే చూస్తోంది. చరణం గొంతులోనే ఆగిపోయింది.

ఎర్రదీపం వెలుగుతూనే ఉంది. ఆవిడ ఊపిరి పీల్చుకుని, ఆ చరణాన్నే మళ్లీ ఎత్తుకుంది.