కాణిపాకంలో క్లైమాక్సు

నేను సాహస చిత్రాలకు కథలు రాస్తాను. లోయలు, గుహలు, తెగిపోయే తాళ్లు, ఇదే నా సరుకు. ఎన్నేళ్లుగా రాస్తున్నా తెర మీద నా పేరు ఒక్కసారి కూడా పడలేదు. మొన్నటి సినిమాకు మాత్రం ఖాయమన్నాడు దర్శకుడు. ఆ మాట నమ్మి నా భార్య తిరుపతిలో మా వీధి ఆడవాళ్లందరినీ వెంటబెట్టుకుని మొదటి రోజే హాలుకు వచ్చింది. పేర్లు పడుతున్నంతసేపూ నేను కుర్చీ అంచున కూర్చుని కాళ్లు ఊపుతూనే ఉన్నాను. వంటవాళ్ల పేర్లు కూడా పడ్డాయి. కథ అన్నచోట దర్శకుడి పేరే ఉంది. నాకు ఒళ్లు మండిపోయింది.

బయటికి రాగానే దర్శకుడికి ఫోన్ చేశాను. "కాణిపాకానికి రా. ఆ కథ నీదేనని ప్రమాణం సెయ్యి" అన్నాను. వేరే ఊరివాడైతే నవ్వి ఫోన్ పెట్టేసేవాడు. ఇతని సొంతూరు కాణిపాకం దగ్గరే, పూతలపట్టు పక్క పల్లె. అక్కడి వినాయక సామి ముందు అబద్ధమాడితే ఏమవుతుందో చిన్నప్పటి నుంచి విన్నవాడు. అందుకే విమానమెక్కి వచ్చాడు.

ఇద్దరం స్నానం చేసి తడిబట్టలతో గుడిలోకి వెళ్లాం. ఏమని ప్రమాణం చేయాలన్న దగ్గరే తగువు మొదలైంది.

"కథంతా నాదని సెప్పను లేబ్బా. గుహ నీది" అన్నాడు.

"తాడు తెగేది?"

"అదీ నీదే. పాటలు నావి."

"పాటలు ఎవరడిగినారప్పా! ఇంటర్వెల్ సంగతి సెప్పు."

"సగం సగం."

"జరగండి సామీ" అని వెనక నుంచి ఎవరో కసిరారు. పక్కకు వచ్చి అరుగు మీద కూర్చున్నాం.

"సివర్లో హీరో లోయలోకి దూకేది నాకే నచ్చలా" అని గొణిగాడు అతను.

అక్కడే నా నోరు ఆగలేదు. బుర్రలో చాన్నాళ్లుగా తిరుగుతున్న కథ ఒకటుంది. సూళ్లూరుపేట పక్క సరస్సులో పడవ, తుఫాను, ఆ పడవలో ఇద్దరు శత్రువులు. లేచి నిలబడి, చేతులూపుతూ, గాలి చప్పుడుతో సహా చెప్పుకుపోయాను. తడిబట్టలు ఒంటి మీదే ఆరిపోయాయి. క్లైమాక్సు విని అతను నా రెండు చేతులూ పట్టుకున్నాడు.

"కథంటే ఇదబ్బా! ఇది మనం సేస్తాండాం."

"ఈ తూరి నా పేరు ఏస్తావా?"

"ఎయ్యకుండా యాడికి పోతాను?"

"అయితే లోపలికి రా. ఆ మాట సామి ముందర సెప్పు."

అతను గడియారం చూసుకున్నాడు. "రేణిగుంటలో విమానం తప్పిపోతాదప్పా" అంటూ గబగబా కారెక్కాడు.

నా భార్య ఫోన్ చేసింది. "ప్రమాణం సేసినాడా?"

"కొత్త కథ బాగా నచ్చిందంట" అన్నాను.



"క్లైమాక్సు గూడా సెప్పేస్తిరా?" అని అడిగింది.